మెడమీద బిళ్ళ లేచినా మందుబిళ్ళ మానకండి

తెల్లారగానే పామర్రు సెంటర్లో బెజవాడ బస్సెక్కే వాళ్లలో ఒకతని సంగతి అనుకుందాం. ఆటోనగర్‌లో లేత్ షాపులో పని. మెడపక్క బిళ్ళ కట్టింది, సూది పెట్టి పరీక్ష చేస్తే టీబీ అని తేలింది, మందు మొదలైంది. ఆకలి పుట్టింది. సాయంత్రాలు వచ్చే జ్వరం పోయింది. ఒళ్లు చేస్తోందని ఇంట్లోవాళ్లు సంతోషపడ్డారు. రెండో నెల చివర్లో ఓ పొద్దున గడ్డం గీసుకుంటుంటే చేతికి తగిలింది, తగ్గిన బిళ్ళ పక్కనే నిమ్మకాయంత గడ్డ. ఎరుపు లేదు, వేడి లేదు, నొప్పి పెద్దగా లేదు. నొక్కితే లోపల నీళ్లు కదిలినట్టుంది.

ఇలాంటప్పుడు మామూలుగా జరిగేవి మూడు. మందు పనిచేయట్లేదని బిళ్ళలు మానేస్తారు. ఊళ్లోనే ఎవరిచేతనో గడ్డ కోయిస్తారు. షాపులో అడుగుతారేమోనని చెప్పాపెట్టకుండా పనికి పోవడం మానేస్తారు. మూడూ తప్పే. మొదటి రెండూ ఒంటికి చేటు, మూడోది బతుకుతెరువుకు.

సెగ లేని గడ్డ

టీబీ మందు క్రిమిని చంపుతుంది గానీ చచ్చిన క్రిమి తునకలు అక్కడే ఉంటాయి. అప్పటిదాకా అణిగి ఉన్న రోగనిరోధక శక్తి కోలుకుని వాటిమీద విరుచుకుపడుతుంది. వాపూ చీమూ ఆ పోరువల్లే. జబ్బు లోపల తగ్గుతూ పైకి పెరిగినట్టు కనిపించే దీన్ని డాక్టర్లు పారడాక్సికల్ రియాక్షన్ అంటారు. మెడ బిళ్ళల టీబీలో ఐదుగురిలో ఒకరికి దాకా ఇది కనిపించవచ్చు. మొదట జబ్బున్న చోటు వదిలేసి ఛాతీమీదో, వీపుమీదో, తొడలోనో చర్మం కింద కొత్త గడ్డ తేలడం మాత్రం అరుదు. చీమున్నా ఇది సెగ్గడ్డలా సలపదు, కాలదు. అందుకే దానికి కోల్డ్ యాబ్సెస్ అని పేరు.

అలాగని ప్రతి గడ్డనూ మందు ప్రభావమేలే అని వదిలేయకూడదు. క్రిమి మందుకు లొంగకపోయినా, బిళ్ళలు మధ్యమధ్యలో తప్పినా, అది వేరే జబ్బైనా పైకి ఇలాగే ఉంటుంది. చేత్తో నొక్కి తేడా చెప్పలేరు. సూదితో చీము తీసి సీబీనాట్ లేదా ట్రూనాట్ అనే పరీక్షకూ, క్రిమిని పెంచి చూసే కల్చర్‌కూ పంపాలి. సీబీనాట్ చచ్చిన క్రిమిని కూడా పట్టేస్తుంది కాబట్టి పాజిటివ్ అన్న మాటకే గుండె జారనక్కర్లేదు. ఆ కాగితంలో ముందు చూడాల్సింది రిఫాంపిసిన్ అనే టీబీ మందుకు క్రిమి లొంగుతుందా లేదా అన్నది. బతికున్న క్రిమి ఉందో లేదో కల్చర్ తేలుస్తుంది, దానికి ఆరు నుంచి ఎనిమిది వారాలు పట్టవచ్చు. ఈలోగా డాక్టరు మార్చమంటే తప్ప మందు మారదు, ఆగదు.

ఇక కోత సంగతి. ఈ గడ్డను బ్లేడుతో చీరితే నోరు పూడక నెలల తరబడి రసి కారే ప్రమాదం ఉంది. పాతకాలంలో గండమాల అని జనం భయపడింది ఇలా చిల్లుపడి కారే మెడలకే. తెలిసిన డాక్టరు పక్కనున్న మంచి చర్మంలోంచి సూది పోనిచ్చి చీము లాగుతాడు. మళ్లీ నిండితే మళ్లీ లాగాల్సి రావచ్చు. పసర్లూ కాపడాలూ వద్దు. స్టెరాయిడ్ అవసరమైతే టీబీ చూసే డాక్టరే రాయాలి.

పనికి వెళ్లొచ్చా?

మెడ బిళ్ళల టీబీ దగ్గుతోనో తుమ్ముతోనో పక్కవాళ్లకు అంటదు. ఛాతీ ఎక్స్‌రే, తెమడ పరీక్షల్లో ఊపిరితిత్తులు బాగున్నాయని తేలితే ఓపిక ఉన్నంతవరకు మొదటిరోజు నుంచే పనికి పోవచ్చు. ఊపిరితిత్తుల్లోనూ ఉంటే సరైన మందు పడ్డాక సాధారణంగా రెండు వారాల్లో అంటించే గుణం బాగా తగ్గుతుంది. ఎప్పుడు పనిలోకి వెళ్లాలో డాక్టరునే అడిగి రాయించుకోండి. గడ్డ కారుతుంటే శుభ్రమైన కట్టు కట్టుకుని వెళ్లండి.

చేసే పనిని బట్టి కొన్ని జాగ్రత్తలు. రైస్‌మిల్లులో బస్తాలు మోసేవాళ్లు గడ్డ ఉన్న వైపు మెడమీద బరువు వేయొద్దు, కొన్ని వారాలు కాటా దగ్గరో కుట్టు దగ్గరో పని అడగండి. డ్రైవర్లు టీబీ మందుల్లో ఒకటైన ఎథాంబుటాల్‌ను గుర్తుపెట్టుకోవాలి. చూపు మసకబారినా, ఎరుపూ ఆకుపచ్చా తేడా తెలియకపోయినా బండి పక్కన పెట్టి ఆరోజే డాక్టరు దగ్గరికి వెళ్లాలి. మన దగ్గర మామూలు టీబీకి మొదటి రెండు నెలలు నాలుగు మందులు, తర్వాత నాలుగు నెలలు మూడు ఇస్తారు. ఎథాంబుటాల్ ఆరు నెలలూ ఉంటుంది. కుట్టుమిషను తొక్కేవాళ్లకు అరికాళ్లు తిమ్మిరెక్కితే అది ఐసోనియాజిడ్ వల్ల కావచ్చు, బి6 బిళ్ళ గురించి అడగండి. మూత్రం నారింజరంగులో వస్తే భయం లేదు, అది రిఫాంపిసిన్ రంగు. కళ్లు పచ్చబడి వాంతులవుతుంటే మాత్రం అది కాలేయం గొడవ. అప్పుడు బిళ్ళలు ఆపి ఆరోజే ఆసుపత్రికి పోవాలి. ఆ కాలేయం కోసమే, ఈ మందు వాడే ఆరు నెలలూ మద్యం జోలికి పోవద్దు.

ఒకరోజు బిళ్ళలు తప్పితే మర్నాడు రెండు రోజులవీ కలిపి వేసుకోకండి. పరగడుపున వేసుకుని బస్సెక్కితే కడుపులో తిప్పుతుంటే వేళ మార్చడం గురించి డాక్టరుతో మాట్లాడండి, సొంతంగా మానేయకండి.

యజమానితో మాట

దాచి నాగా పెట్టే కంటే చెప్పి సెలవు తీసుకోవడమే మేలు. నోటిమాటతో సరిపెట్టకండి. "మెడ బిళ్ళల టీబీకి మందు వాడుతున్నారు, ఇతరులకు అంటదు, పని చేసుకోవచ్చు" అని డాక్టరుచేత రెండు ముక్కలు రాయించి, జిరాక్స్ ఇచ్చి, అసలు కాగితం మీ దగ్గర ఉంచుకోండి. చీము తీసే రోజుకూ, నెలనెలా చూపించుకునే రోజుకూ సెలవు ముందే అడగండి.

జీతం 21,000 రూపాయల లోపు ఉండి, ఈఎస్‌ఐ కోత పడుతుంటే అది మీ హక్కు. చందా కట్టిన రోజులు సరిపడా ఉంటే ఏడాదిలో 91 రోజుల దాకా జీతంలో 70 శాతం సిక్‌నెస్ బెనిఫిట్ వస్తుంది. దీర్ఘకాల జబ్బుల జాబితాలో టీబీ ఉంది. రెండేళ్ల సర్వీసు, చందా షరతులు కుదిరితే 80 శాతం చొప్పున, అవసరాన్ని బట్టి రెండేళ్ల దాకా పొడిగిస్తారు. ఈఎస్‌ఐ డాక్టరు సర్టిఫికెట్ ఉంటేనే ఇవన్నీ. బెజవాడవైపు పనిచేసేవాళ్లకు గుణదలలో ఈఎస్‌ఐ ఆసుపత్రి ఉంది.

ఈఎస్‌ఐ లేని కూలీలకూ మందులు ఉచితమే. ప్రభుత్వ టీబీ నమోదు పోర్టల్ నిక్షయ్‌లో పేరు నమోదై, బ్యాంకు ఖాతా ఇస్తే పోషకాహారానికి నెలకు 1,000 రూపాయలు పడతాయి. 2024 నవంబరుకు ముందు అది 500. ప్రైవేటులో చూపించుకున్నా పేరు నమోదైతే ఈ డబ్బు వస్తుంది. కోతలకో కట్టుబడి పనికో వేరే ఊరు పోవాల్సివస్తే ముందే చెప్పండి, నిక్షయ్ నంబరు మీద చికిత్సను అక్కడికి బదిలీ చేస్తారు. సందేహాలకు టీబీ హెల్ప్‌లైన్ 1800-11-6666.

ఒకప్పుడు టీబీ అంటే పనీ ఇల్లూ వదిలి మంగళగిరి శానిటోరియంలో మంచం పట్టడమే. ఇంటి దగ్గర మందు వాడినవాళ్లు కూడా శానిటోరియంలో ఉన్నవాళ్లంత బాగానే కోలుకుంటారని మద్రాసు పరిశోధన 1959లో తేల్చింది. మంగళగిరి శానిటోరియం స్థలంలో ఇప్పుడు ఎయిమ్స్ ఉంది.

చివరగా ఒక మాట. ఆరు నెలల మందు పూర్తయ్యాక కూడా వేలికి చిన్న గట్టి బిళ్ళ తగలవచ్చు. చాలామందిలో అది మానిన గాయం తాలూకు గుర్తే. రోజూ తడుముకుని హడలిపోకండి. నెలకోసారి దాని సైజు డాక్టరుచేత కొలిపించి చీటీమీద రాయించుకోండి. పెరుగుతోందో తరుగుతోందో ఆ అంకెలే చెబుతాయి. మందు నడిచినన్నాళ్లూ మాత్రం పొద్దున్నే బిళ్ళలు వేసుకుని బస్సెక్కండి.