మేరియన్ ఆండర్సన్

అమెరికా సంయుక్త రాష్ట్రములలో ఫిలడెల్ఫియా యొక పెద్ద పట్టణము. ఆ దేశపు స్వాతంత్ర్య ప్రకటనము 1776వ సంవత్సరమున వెలువడినది ఆ పట్టణమునందే. మానవులెల్లరు సమానులుగా సృజింపబడిరని ఆ ప్రకటనమున వ్రాయబడియున్నది. ఆ వ్రాతకు నూటయిరువది యేండ్లు గడచిన పిమ్మట, 1897వ సంవత్సరము ఫిబ్రవరి 27వ తేదీన, ఆ పట్టణమునందే యొక పేద నల్లజాతి కుటుంబమున మేరియన్ ఆండర్సన్ జన్మించెను. ఆ వ్రాత తన వంటివారికిని చెందునా అను ప్రశ్న ఆమెను జీవితమంతయు వెన్నంటియే యుండెను.

ఆమె తండ్రి మంచుగడ్డలును, బొగ్గును అమ్మి కుటుంబమును పోషించుచుండెను. తల్లి ఆనీ వివాహమునకు ముందు వర్జీనియా రాష్ట్రమున ఉపాధ్యాయినిగా నుండెను. ఫిలడెల్ఫియాలో ఆమెకు అట్టి యుద్యోగము లభింపలేదు. ముగ్గురాడుపిల్లలలో మేరియన్ పెద్దది. ఆరేండ్ల ప్రాయముననే ఆమె ప్రార్థనమందిరములోని బాలగాయకుల బృందమున చేరెను. ఆ బృందగానమున హెచ్చు స్థాయివారు, తగ్గు స్థాయివారు అని నాలుగు తెగలవారుందురు. మేరియన్ తన భాగముతో తృప్తిపడక నాలుగింటిని నేర్చుకొనెను. ఎవరైన రాని దినమున ఆ లోటును ఆమెయే తీర్చుచుండెను.

ఒకనాడు తాకట్టు కొట్టులో అద్దము వెనుక నొక ఫిడేలు ఆమె కంటబడెను. దాని వెల నాలుగు డాలర్లకు కొంచెము తక్కువ. ఆ బాలిక ఇరుగుపొరుగు ఇండ్ల మెట్లు కడిగి, కాసు కాసు కూడబెట్టి, ఆ ఫిడేలును కొనెను. ఎనిమిదవ యేట తండ్రి ఆమెకొక పాత పియానోను తెచ్చి యిచ్చెను. కాని గురువునకు ఇచ్చుటకు సొమ్ము లేకపోయెను. తనంతట తానే మీటలు నొక్కుచు, చెవితో సరిచూచుకొనుచు, పాటకు తగినంత వాద్యమును ఆమె నేర్చుకొనెను.

1910వ సంవత్సరమున తండ్రి మరణించెను. అప్పటికి మేరియన్‌కు పండ్రెండేండ్లు. ఒకప్పుడు బడిలో పాఠములు చెప్పిన తల్లి యిప్పుడు ఇతరుల బట్టలుతికెను. పట్టణములోని యొక పెద్ద దుకాణమున నేలలు తుడిచెను. పిల్లల యెదుట మాత్రము ఆమె ఏనాడును విసుగుకొనియెరుగదు. మేరియన్ సభలలో పాడి తెచ్చు చిల్లర డబ్బు ఆ ఇంటికి ఆధారమాయెను.

శాస్త్రీయముగా సంగీతము నేర్వవలెనను కోరికతో మేరియన్ ఒక సంగీత పాఠశాలకు వెళ్ళెను. వరుసలో నిలిచెను. కిటికీ యొద్దనున్న యువతి, వెనుక వచ్చినవారినందరిని పలుకరించి పంపి, కడపట ఈమె వంక చూచి, నల్లవారిని తాము చేర్చుకొనమని చెప్పెను. మేరియన్ మారుపలుకక వెనుదిరిగెను. సంగీతముతో దినమెల్ల గడపు మనిషి నోట అట్టి మాట వచ్చుట ఆమెకు నమ్మశక్యము కాలేదు. మరియొక దారి దొరకకపోదని తల్లి ధైర్యము చెప్పెను. ఆ దారి ప్రార్థనమందిరమువారి వలన దొరకెను. కూలినాలి చేసికొను ఆ పేదవారు తలకొంత వేసికొని మేరియన్ చదువునకై నిధి కూర్చిరి. ఆ సొమ్ముతో ఆమె జ్యుసెప్పె బొగెట్టి అను ప్రసిద్ధ గురువు నొద్ద చేరెను. మొదట ఆయన తనకు తీరిక లేదనెను. ఆమె ఒక పాట పాడి ముగించిన తరువాత, ఎట్లయినను తీరిక చేసికొందుననెను.

స్త్రీల కంఠములలో మిక్కిలి మంద్రమైన దానిని పాశ్చాత్యులు కాంట్రాల్టో అందురు. మేరియన్ కంఠము అట్టిది. అయితే కంఠమొక్కటియే చాలదని ఆమెకు త్వరలోనే తెలిసివచ్చెను. 1924వ సంవత్సరమున న్యూయార్కు నగరములోని టౌన్ హాల్‌లో ఆమె కచేరీ యేర్పాటయ్యెను. సభామందిరము సగమునకు పైగా ఖాళీగా నుండెను. ఆమె జర్మను భాషా గీతములను అర్థమెరుగక వల్లెవేసినట్లు పాడినదని మరునాడు పత్రికలవారు వ్రాసిరి. ఆ విమర్శ కఠినమే కాని అసత్యము కాదు. ఆమెకు ఆ భాష రాదు. మేరియన్ మిగుల కుమిలిపోయెను. కొన్ని మాసములు గురువు ముఖమైనను చూడలేదు. పాట మానివేయవలెనని కూడ తలచెను. తల్లి తొందరపెట్టలేదు, మందలింపలేదు. తుదకు ఒకనాడు మేరియన్ తానే పియానో ముందు కూర్చుండెను. మరుసటి యేడు జరిగిన పోటీలో సుమారు మూడువందల మందిలో ఆమెకే మొదటి స్థానము వచ్చెను.

ఆదాయము కొంత స్థిరపడగనే ఆమె చేసిన పని చెప్పదగినది. తల్లి పనిచేయు దుకాణమునకు టెలిఫోను చేసి, తన తల్లి ఇక పనికి రాదని అచ్చటి అధికారికి తెలిపెను. తరువాతి కాలమున రాజులు, అధ్యక్షులు ఆమెను సన్మానించిరి. ఐనను, నీ జీవితమున మిక్కిలి సంతోషకరమైన ఘడియ యేదని యెవరైన నడిగినచో, ఆమె ఈ దినమునే చెప్పెడిది.

1930వ సంవత్సరమున ఆమె జర్మనీ దేశమునకు వెళ్ళెను. పత్రికలవారు ఎత్తిచూపిన లోపమును తీర్చుకొనుటయే ఆ ప్రయాణమునకు ముఖ్య కారణము. ఆ భాష మాటలాడువారి నడుమ నివసించి దానిని నేర్చెను. ఉత్తర ఐరోపా దేశములందు ఆమెకు అపూర్వమైన ఆదరము లభించెను. ఫిన్లాండు దేశపు మహాసంగీతకర్త సిబేలియస్ ఆమె పాట విని, నీ కంఠమునకు మా ఇంటి కప్పు చాలదని ప్రశంసించెను. అట్టి గాత్రము నూరేండ్లకొక్కసారి వినబడునని 1935లో ఇటలీ దేశస్థుడు తోస్కనీని పలికెను. ఆ సంవత్సరము చివర ఆమె స్వదేశమునకు బయలుదేరెను. ఓడలో జారిపడి చీలమండ విరిగెను. ఐనను డిసెంబరు 30వ తేదీన, పూర్వము పరాభవము పొందిన టౌన్ హాల్‌లోనే, కట్టు కనబడకుండ నిడుపాటి దుస్తులు ధరించి, పియానోకు చేరగిలబడి నిలిచి పాడెను. సగము కచేరీ యైనంతవరకు కాలు విరిగిన సంగతి సభలో నెవరికిని తెలియదు.

స్వదేశమున కీర్తి వచ్చెను గాని గౌరవము రాలేదు. ఆమె పాట వినుటకు వేలమంది వచ్చుచుండిరి. పాట ముగిసిన పిమ్మట ఆ యూరి హోటలులో ఆమెకు గది దొరకెడిది కాదు. 1937లో ప్రిన్స్‌టన్ పట్టణమున అట్లే జరిగినప్పుడు శాస్త్రవేత్త ఐన్‌స్టీన్ ఆమెను తన ఇంటికి తీసికొనిపోయి ఆతిథ్యమిచ్చెను.

1939వ సంవత్సరమున హోవర్డ్ విశ్వవిద్యాలయమువారు రాజధానియైన వాషింగ్టన్ నగరమున ఆమె కచేరీ యేర్పాటు చేయదలచిరి. అందుకు చాలినంత విశాలమైనది కాన్‌స్టిట్యూషన్ హాల్. అది అమెరికా విప్లవ పుత్రికలు అను స్త్రీల సంఘమువారిది. స్వాతంత్ర్యమునకై పోరాడిన వీరుల సంతతివారే ఆ సంఘమున సభ్యులు. ఆ వేదికపై తెల్లవారు తప్ప ఇతరులు పాడరాదని వారి నిబంధన. మేరియన్‌కు హాలు ఇచ్చుటకు వారు నిరాకరించిరి. అధ్యక్షుని భార్య ఎలినార్ రూజ్‌వెల్ట్ ఆ సంఘమున సభ్యురాలు; ఆమె వెంటనే రాజీనామా నిచ్చెను. మంత్రి హెరాల్డ్ ఇక్స్, లింకన్ స్మారకమందిరపు మెట్లపై పాడుటకు అనుమతి నిచ్చెను. నల్లవారి దాస్య విమోచనకు లింకన్ చేసినది విద్యార్థులెరుగుదురు.

ఈ కలహమున తానొక జెండాగా మారుట మేరియన్‌కు ఇష్టము లేదు. ఆమె స్వభావతః మితభాషిణి, సంకోచము కలది. ముందునాటి రాత్రి భయపడి, నేను తప్పక పాడవలెనా యని తన కచేరీల నిర్వాహకుని టెలిఫోనులో నడిగెను. ఐనను పాడెను. అది ఏప్రిల్ 9వ తేదీ, ఈస్టర్ ఆదివారము. గాలి చల్లగా వీచుచుండెను. మెట్ల క్రింద డెబ్బదియైదు వేలమంది, నల్లవారును తెల్లవారును కలసి, నిలిచియుండిరి. వేదికపైకి వచ్చినప్పుడు గొంతు పెగలదేమోయని ఆమెకు తోచెను. దేశభక్తి గీతముతో ప్రారంభించెను. ఆ గీతమున 'నేను' అని యున్నచోట ఆమె 'మేము' అని పాడెను. ఆమె మాటతీరే అట్టిది. తన్ను గూర్చి చెప్పునప్పుడు సాధారణముగా 'నేను' అనెడిది కాదు. ఒక్కరు ఒంటరిగా చేయు పని యేదియు లేదని ఆమె నమ్మకము. ప్రార్థనమందిరపు నిధిని తలచినచో ఆ నమ్మకమునకు కారణము బోధపడును. రేడియో మూలమున దేశమందంతట లక్షలాది జనులు ఆ పాట వినిరి. నాలుగేండ్ల తరువాత, 1943లో, ఆ పుత్రికల సంఘమువారే ఆమెను తమ హాలున పాడుటకు ఆహ్వానించిరి. ఆమె పగ చూపక అంగీకరించెను.

ఆపెరా యనునది పాశ్చాత్యుల సంగీత నాటకము. అందు పాత్రలు మాటలకు మారుగా పాటలతోనే కథ నడపుదురు. అమెరికాలో ఆపెరాకు పెద్ద పీఠము న్యూయార్కులోని మెట్రోపాలిటన్ నాటకశాల. 1883లో వెలసిన ఆ శాలలో, డెబ్బదియేండ్లు దాటువరకు నల్లజాతి గాయకులెవరును ప్రధాన పాత్ర ధరింపలేదు. 1955వ సంవత్సరము జనవరి 7వ తేదీన, నిర్వాహకుడు రుడాల్ఫ్ బింగ్ ఆహ్వానముపై, మేరియన్ వెర్డీ రచించిన నాటకమున ఉల్‌రికా యను సోదె చెప్పు స్త్రీ వేషమున రంగస్థలమునకు వచ్చెను. తెర లేవగనే, ఆమె నోరు విప్పకముందే, సభ చప్పట్లతో మారుమ్రోగెను. తల్లి ఆనీ ప్రేక్షకులలో కూర్చుండియుండెను. అప్పటికి మేరియన్‌కు ఏబదియేడేండ్లు. కంఠమున తొలినాటి బిగువు కొంత సడలెను. ఆనాడు తొట్రుపాటు పడితినని ఆమెయే పిమ్మట ఒప్పుకొనెను. ఆ పిలుపు ఇరువదియేండ్లకు ముందు వచ్చియుండవలసినది. ఆలస్యమునకు తప్పు ఆమెది కాదు. ఐనను ఒకసారి తెరచిన తలుపు మరల మూతపడలేదు. ఆ నెలలోనే రాబర్ట్ మక్‌ఫెరిన్ అను నల్లజాతి గాయకుడును, 1961లో లియొంటీన్ ప్రైస్ అను గాయనియు అదే వేదికపై పాడిరి.

1957లో ఆసియా ఖండమున పర్యటించుచు ఆమె మన దేశమునకు వచ్చి, ఢిల్లీలో గాంధీమహాత్ముని స్మారకస్థలమున పాడెను. మరుసటి యేడు ఐక్యరాజ్యసమితిలో తన దేశపు ప్రతినిధివర్గమున సభ్యురాలయ్యెను. 1963లో నల్లజాతివారి హక్కులకై వాషింగ్టన్‌లో జరిగిన మహాసభలో, అదే లింకన్ మందిరపు మెట్లపై మరల పాడెను. 1964లో ప్రారంభమైన ఆమె వీడ్కోలు కచేరీలలో మొదటిది కాన్‌స్టిట్యూషన్ హాల్‌లోనే జరిగెను. కడపటిది 1965వ సంవత్సరము ఈస్టర్ ఆదివారమున న్యూయార్కు కార్నెగీ హాల్‌లో జరిగెను. తరువాత ఆమె కనెక్టికట్ రాష్ట్రములోని డాన్‌బరీ యొద్ద, భర్త ఓర్ఫియస్ ఫిషర్‌తో కలసి, తమ పొలమున నెమ్మదిగా కాలము గడపెను. 1993వ సంవత్సరము ఏప్రిల్ 8వ తేదీన, తొంబదియారేండ్లు నిండిన వయస్సున, పోర్ట్‌లాండ్ నగరమున కన్నుమూసెను. చెల్లెలి కుమారుడు, వాద్యబృంద సంచాలకుడునైన జేమ్స్ డిప్రీస్ట్ కుటుంబమే కడవరకు ఆమెను కనిపెట్టియుండెను.