నవ్వులో నిలిచిన నగరం

123 సంవత్సరాల పరాయిపాలన అనంతరం 1918లో పోలెండ్ స్వతంత్రమైంది. రాజధాని వార్సాలో 1926లో క్రమబద్ధమైన రేడియో ప్రసారాలు ప్రారంభమయ్యాయి. 1930లో పోలిష్ చలనచిత్రం మాట నేర్చింది. రేడియో, చలనచిత్రం అనే ఈ రెండు నూతన సాధనాలూ కలిసిన హాస్యచిత్రం ‘ప్యెంత్రో విజెయ్’. ‘ఒక అంతస్తు పైన’ అని దీని అర్థం. లియోన్ ట్రిస్టన్ దర్శకత్వంలో ఇది 1937లో విడుదలైంది.

ఒకే భవనంలో పోంచెక్ అనే ఇంటిపేరు గల ఇద్దరు నివసిస్తుంటారు. వారికి బంధుత్వం లేదు. కింద ఉన్న వృద్ధుడు హిపోలిత్ ఆ భవన యజమాని, శాస్త్రీయ సంగీతప్రియుడు. పై అంతస్తులోని హెన్రిక్ రేడియో వ్యాఖ్యాత. అతనికి జాజ్ సంగీతం ప్రాణం. ఒకరి సంగీతం మరొకరికి రణగొణధ్వని. యజమాని బంధువైన యువతి ఇంటిపేరు చూసి పొరపాటున హెన్రిక్ ఇంట ప్రవేశిస్తుంది. ఆ పొరపాటే ప్రేమగా పరిణమిస్తుంది.

ఈ కలహానికి మూలం శబ్దం. మూగచిత్రంలో దీనికింత రక్తి ఉండదు. ఒకే కప్పు కింద ఉంటూ ఒకరినొకరు ఎరుగని నగరవాసుల స్థితిని ఈ చిత్రం నవ్విస్తూనే చూపింది.

రెండేళ్లకే ఆ నవ్వు ఆగిపోయింది. 1939 సెప్టెంబరులో జర్మనీ పోలెండ్‌పై దండెత్తింది. హెన్రిక్ పాత్రధారి ఎవుగేనియుష్ బోడోను 1941లో సోవియట్ అధికారులు నిర్బంధించారు. పోలిష్ ఖైదీలకు లభించిన క్షమాభిక్ష, స్విస్ పౌరసత్వం కారణంగా ఆయనకు దక్కలేదు. 1943లో శ్రామికశిబిరంలో మరణించాడు. పాటల రచయిత ఎమానుయేల్ ష్లెఖ్తెర్ యూదుడైనందున నాజీల శిబిరంలో హతుడయ్యాడు. స్వరకర్త హెన్రిక్ వార్స్ ప్రాణాలతో బయటపడి అమెరికా చేరాడు. 1944 నాటి తిరుగుబాటు అణగిన పిదప వార్సాను జర్మన్ సైన్యం వీధి వీధినా కూల్చివేసింది. యుద్ధం ముగిసేనాటికి సుమారు 85 శాతం కట్టడాలు నేలమట్టమయ్యాయి.

యుద్ధానంతరం ప్రజలు పాత చిత్రపటాల ఆధారంగా ప్రాచీన వార్సాను పునర్నిర్మించుకున్నారు. కాని నగరమంటే గోడలు మాత్రమే కాదు. అక్కడి మాటతీరు, పాట, ఇరుగుపొరుగుల తగవులు కూడా నగరమే. వాటిని ఏ శిల్పీ తిరిగి కట్టలేడు. వినోదం కోసం తీసిన ఈ చిన్న చిత్రం వాటిని భద్రపరిచింది. నవ్వించడమే కోరిన కళ, తనకు తెలియకుండానే చరిత్రకు సాక్షి అయింది.

ప్రశ్నలు
1. ఇద్దరు పోంచెక్‌ల కలహానికి కారణమేమి?
2. హాస్యచిత్రం చరిత్రకు సాక్షి కావడమెట్లో వివరించండి.