బెర్టీ ఫోగ్ట్స్: ఒక రక్షకుని క్రీడాజీవితము

ఫుట్‌బాల్ ఆటను గురించి ముచ్చటించుకొనునప్పుడు మనము సాధారణముగా గోలు కొట్టినవానినే తలచుకొందుము. గోలు పడకుండ ఆపినవానిని తలచుకొనుట అరుదు. కొట్టిన గోలు లెక్కకు వచ్చును, పత్రికలలో అచ్చుపడును. ఆపిన గోలుకు లెక్క లేదు. చెరువు నిండిననాడు ఊరివారందరు నీటిని చూచి సంతోషింతురే కాని కట్టను మెచ్చుకొనరు. కట్ట తెగిననాడు మాత్రము అందరి నోట కట్ట మాటయే వినవచ్చును. రక్షణస్థానములో ఆడు క్రీడాకారుల సంగతియు ఇట్టిదే.

ఈ వ్యాసములో మేము పశ్చిమ జర్మనీ జట్టున ఆడిన బెర్టీ ఫోగ్ట్స్ అను రక్షకుని క్రీడాజీవితమును పరిశీలింపదలచినాము. అదే జట్టులో ఫ్రాంజ్ బెకెన్‌బవర్ వంటి మహాప్రతిభావంతుడు ఉండగా ఇతనిని ఎన్నుకొనుట ఎందుకని పాఠకులు అడుగవచ్చును. బెకెన్‌బవర్ ఆట చూచి ఆనందించుటకే కాని అనుకరించుటకు అందదు. ఫోగ్ట్స్ సాధించినది శ్రమకు అందునట్టిది. విద్యార్థులకు ఈ రెండవదియే ఎక్కువ ఉపకరించునని మా అభిప్రాయము.

బాల్యము, వృత్తిశిక్షణ

హన్స్ హుబెర్ట్ ఫోగ్ట్స్ 1946 డిసెంబరు 30వ తేదీన రైన్ నదీప్రాంతములోని బ్యూట్‌గెన్ అను చిన్న ఊరిలో జన్మించినాడు. రెండవ ప్రపంచ యుద్ధము ముగిసి అప్పటికి రెండేండ్లయినను కాలేదు. బాల్యములోనే తల్లిని, తండ్రిని కోల్పోయి బంధువుల పోషణలో పెరిగినాడు. జీవనోపాధికై కర్మాగారములకు కావలసిన పనిముట్లను తయారుచేయు వృత్తిలో శిక్షణ పొందినాడు. ఊరి క్లబ్బులో ఆట నేర్చి, 1965లో, పందొమ్మిదేండ్లయినను నిండకముందే, సమీపములోని మోన్‌షెన్‌గ్లాడ్‌బాఖ్ నగరపు బొరుస్సియా క్లబ్బులో చేరినాడు.

అతని ఎత్తు 168 సెంటీమీటర్లు మాత్రమే. ఆరడుగుల ఆటగాండ్ర నడుమ అది లోపముగానే కనబడెడిది. ఆ లోపమును అతడు పరుగుతోను, పట్టుదలతోను పూడ్చుకొన్నాడు. పట్టినదానిని వదలని చిన్న వేటకుక్క జాతికి టెరియర్ అని పేరు. అభిమానులు అతనికి ఆ పేరే పెట్టినారు.

ఒకే క్లబ్బు, పదునాలుగేండ్లు

ఫోగ్ట్స్ చేరిన 1965లోనే బొరుస్సియా క్లబ్బు బుందెస్‌లీగా అను జర్మనీ ప్రథమశ్రేణి పోటీలలో ప్రవేశించినది. శిక్షకుడు హెన్నెస్ వైస్‌వైలర్ యువకులను చేరదీసి, ఎదురుదాడికి పేరుపడిన జట్టును తీర్చిదిద్దినాడు. గుంటర్ నెట్జర్ వంటి వారు నిర్భయముగా ముందుకు సాగిపోవలెనన్నచో వెనుక భాగమును కాపాడువారు ఉండవలెను. అందరును పల్లకి ఎక్కినచో మోయువారెవరు? ఆ మోయు పనిని ఫోగ్ట్స్ పదునాలుగేండ్లు చేసినాడు.

ఆ క్లబ్బు 1970, 1971, 1975, 1976, 1977 సంవత్సరములలో జర్మనీ విజేతగా నిలిచినది. 1973లో జర్మన్ కప్పును, 1975, 1979లలో యూఫా కప్పును గెలుచుకొన్నది. ఫోగ్ట్స్ బుందెస్‌లీగాలో 419 ఆటలు ఆడినాడు. ఆ ఆటలన్నియు ఒకే క్లబ్బు పక్షమున ఆడినవే.

1974 ఫైనల్

నేడు రక్షకులు ఎక్కువగా మైదానములో తమకు కేటాయించిన భాగమును కాచుకొందురు. ఆనాటి పద్ధతి వేరు. ఒక్కొక్క రక్షకునికి ప్రత్యర్థి జట్టులోని ఒక్కొక్క ఆటగానిని అప్పగించెడివారు. అతడు ఎచ్చటికి పోయినను నీడవలె వెన్నంటవలెను. వారి వెనుక స్వేచ్ఛగా తిరుగుచు, తప్పిపోయిన బంతిని సరిచూచుకొను ఆటగాడు మరియొకడు ఉండెడివాడు. జర్మనీ జట్టులో ఆ స్వేచ్ఛాస్థానము బెకెన్‌బవర్‌ది, నీడవలె వెన్నంటు పని ఫోగ్ట్స్‌ది.

1974 జూలై 7న మ్యూనిక్ నగరములో ప్రపంచ కప్పు ఫైనల్ జరిగినది. ప్రత్యర్థి నెదర్లాండ్స్. ఆ జట్టు నాయకుడు యోహాన్ క్రైఫ్ ఆ కాలపు మేటి ఆటగాండ్రలో ఒకడు. ఒక స్థానమునకు కట్టుబడక మైదానమంతయు సంచరించుట అతని పద్ధతి. అతనిని ఆపు బాధ్యత ఫోగ్ట్స్‌కు అప్పగింపబడినది. అభ్యాస సమయమున నెట్జర్ క్రైఫ్ పాత్ర ధరించి ఆడగా ఫోగ్ట్స్ అతనిని వెంబడించి సాధన చేసినాడు.

ఆరంభము శుభముగా లేదు. మొదటి నిమిషములోనే క్రైఫ్ వెనుకనుండి బంతిని తీసికొని ఫోగ్ట్స్‌ను దాటిపోయినాడు. గోలు సమీపమున ఊలి హోనెస్ అతనిని పడవేయగా రెఫరీ పెనాల్టీ ఇచ్చినాడు. జర్మన్ ఆటగాడెవ్వడును బంతిని తాకకముందే యోహాన్ నీస్కెన్స్ గోలు చేసినాడు. నాల్గవ నిమిషమున ఫోగ్ట్స్‌కు పసుపు కార్డు హెచ్చరికయు వచ్చినది. మరియొక తప్పు చేసినచో మైదానము వీడవలెను. ఇంకను ఎనుబదియారు నిమిషముల ఆట మిగిలియున్నది.

ఇట్టి స్థితిలో పిరికివాడు వెనుకకు జరుగును, కోపిష్ఠి మరల తప్పు చేయును. ఫోగ్ట్స్ రెండును చేయలేదు. క్రైఫ్ ఎచ్చటికి పోయిన అచ్చటికి పోయినాడు. అతనిని తప్పించుకొనుటకు క్రైఫ్ వెనుకకు, మరింత వెనుకకు పోవలసివచ్చినది. గోలుకు దూరమైన క్రైఫ్ వలన అపాయము తగ్గినది. విరామ సమయమున క్రైఫ్ రెఫరీతో వాదించి తానును పసుపు కార్డు పొందినాడు. పాల్ బ్రైట్నర్ పెనాల్టీతోను, గెర్డ్ ముల్లర్ మరియొక గోలుతోను జర్మనీని 2-1తో గెలిపించినారు. చరిత్రలో ముల్లర్ గోలు నిలిచినది. క్రైఫ్ చేయలేకపోయిన గోలుకు ఏ పట్టికలోను చోటు లేదు.

అపజయములు

వెన్నంటు పద్ధతికి ఒక బలహీనత కలదు. వెంబడింపబడువాడు తెలివిగా కదలినచో రక్షకుని తనతో ఈడ్చుకొనిపోయి, వెనుక ఖాళీని సృష్టింపగలడు. 1977 మే 25న రోమ్ నగరములో యూరోపియన్ కప్పు ఫైనల్‌లో లివర్‌పూల్ ఆటగాడు కెవిన్ కీగన్ ఫోగ్ట్స్‌ను అట్లే అలయించినాడు. చివరకు ఫోగ్ట్స్ కీగన్‌ను పడవేయగా లివర్‌పూల్‌కు పెనాల్టీ లభించినది. 3-1తో బొరుస్సియా ఓడిపోయినది.

అంతకంటె బాధాకరమైనది 1978 ప్రపంచ కప్పు. బెకెన్‌బవర్ జాతీయ జట్టును వీడిన తరువాత ఆ పోటీలలో ఫోగ్ట్స్ కెప్టెన్‌గా ఉండెను. జూన్ 21న అర్జెంటీనాలోని కోర్దొబా నగరమున పొరుగుదేశమైన ఆస్ట్రియాతో ఆట. జర్మనీ 1-0తో ముందుండగా బంతి ఫోగ్ట్స్‌కు తగిలి జర్మనీ గోలులోనే పడినది. తరువాత హన్స్ క్రాంకల్ రెండు గోలులు కొట్టగా ఆస్ట్రియా 3-2తో గెలిచినది. 47 ఏండ్లలో జర్మనీపై ఆస్ట్రియాకు అది మొదటి విజయము. ఫోగ్ట్స్‌కు అది 96వ అంతర్జాతీయ ఆట, చివరిది కూడ. ఆ 96 ఆటలలో అతడు దేశమునకు సాధించిపెట్టినది ఒకే గోలు. గోలుల పట్టికను మాత్రమే చూచువానికి అతడు చేసిన మేలును, కీడును సమానముగా తోచును. పట్టిక సత్యమే కాని సంపూర్ణ సత్యము కాదు.

ఆటను ఎరిగినవారికి ఈ సంగతి తెలియును. జర్మనీ క్రీడాపత్రికా రచయితలు 1971లో ఫోగ్ట్స్‌ను ఆ సంవత్సరపు ఉత్తమ ఫుట్‌బాల్ క్రీడాకారునిగా ఎన్నుకొనియుండిరి. కోర్దొబా పరాభవము జరిగిన మరుసటి ఏడు, అనగా 1979లో, అతడు ఆట విరమించిన సంవత్సరమున, ఆ గౌరవమును అతనికే మరల ఇచ్చినారు.

శిక్షకుడుగా

తరువాత ఫోగ్ట్స్ జర్మన్ ఫుట్‌బాల్ సంఘములో యువకులకు శిక్షణ ఇచ్చినాడు. బెకెన్‌బవర్‌కు సహాయకుడుగా పనిచేసి, 1990లో జర్మనీ ప్రపంచ కప్పు గెలిచిన పిదప జాతీయ జట్టు శిక్షకుడైనాడు. మహావిజయము వెంట వచ్చినవాని పని కఠినము. 1992 యూరోపియన్ పోటీల ఫైనల్‌లో డెన్మార్క్ చేతను, 1994 ప్రపంచ కప్పు క్వార్టర్ ఫైనల్‌లో బల్గేరియా చేతను ఓటమి ఎదురైనప్పుడు పత్రికలు అతనిని తీవ్రముగా విమర్శించినవి.

1996 జూన్ 30న లండన్‌లోని వెంబ్లీ మైదానమున, గాయములతో సతమతమగుచున్న జట్టుతో, చెక్ రిపబ్లిక్‌ను 2-1తో ఓడించి యూరోపియన్ విజేతగా నిలిచినాడు. రెండు గోలులను కొట్టిన ఒలివర్ బీర్‌హోఫ్ ఆ ఆటలో మొదట బయట కూర్చుండి, తరువాత ప్రవేశించినవాడే. 1998 ప్రపంచ కప్పులో క్రొయేషియా చేతిలో ఓడిన పిమ్మట ఫోగ్ట్స్ ఆ పదవిని వదలినాడు. అటుపై కువైట్, స్కాట్లండ్, నైజీరియా, అజర్‌బైజాన్ దేశముల జట్లకు శిక్షణ ఇచ్చినాడు.

గ్రహింపదగినది

పై వృత్తాంతమునుండి విద్యార్థులు ముఖ్యముగా ఒక విషయము గ్రహింపవలెను. నాల్గవ నిమిషములో హెచ్చరిక పొందినవాడు తొంబదవ నిమిషమువరకు తన పని సక్రమముగా చేయగలిగినాడు. మన విద్యార్థులలో పలువురు చేతివృత్తుల కుటుంబములనుండి వచ్చినవారు. మొదటి పరీక్షలో తప్పినంత మాత్రమున చదువు తమకు తగినది కాదని మానుకొనువారిని మేము ఎరుగుదుము. వారు ఆ ఎనుబదియారు నిమిషములను జ్ఞప్తియందుంచుకొనవలెను.

కళాశాల కమిటీ పెద్దలకును ఒక మనవి. వార్షికోత్సవమున క్రీడా బహుమతులు నిర్ణయించునప్పుడు గోలులు కొట్టినవారితో పాటు గోలులను ఆపినవారిని కూడ పరిగణింపవలెనని ప్రార్థించుచున్నాము. అందుకు పట్టిక చాలదు. ఆటను మొదటినుండి చివరివరకు చూచినవారిని అడుగవలెను.