పోరంబోకు భూముల కొలత

పలమనేరు ప్రాంతములో పాడి లేని సేద్యము అరుదు. వానకు చెరువు నిండవలెను, పశువులకు మేతబీడు ఉండవలెను. ఈ రెండును ఎవరి పట్టాలోనివియు కావు, పోరంబోకులు. వంకపక్క రైతు ఏటేటా ఒక చాలు ముందుకు దున్నుకొని పోయినచో వంక సన్నగిల్లును, చెరువుకు చేరు నీరు తగ్గును. ఆయకట్టు రైతు మాత్రము ఈ ఏడు వాన చాలలేదని అనుకొనును.

ఒక చాలుతో ఏమగునని తేలికగా తీసివేయరాదు. ఒక గొలుసు అనగా 66 అడుగులు. పది గొలుసుల పొడవున్న గెనిమను ఏటికి ఒక్క అడుగు జరిపిన 660 చదరపు అడుగులు, అనగా ఒకటిన్నర సెంటు పోవును. ఇరువది సంవత్సరములలో అది ముప్పది సెంట్లు దాటును. ఇంత నెమ్మదిగా పోవు భూమిని కంటితో పట్టుట కష్టము. కొలత ఒక్కటే దానిని పట్టును.

1994 నాటి పంచాయతీరాజ్ చట్టము 58వ సెక్షను ప్రకారము మేతబీళ్ళు, కళ్ళములు, శ్మశానములు, మందబయళ్ళు, బండ్లు నిలుపు స్థలములు, తోపులు గ్రామ పంచాయతీకి సంక్రమించును. ఉమ్మడి భూముల ఆక్రమణలను తొలగింపవలెనని సుప్రీంకోర్టు 2011 జనవరి 28న జగ్‌పాల్ సింగ్ కేసులో రాష్ట్రములను ఆదేశించినది. ఆ సంవత్సరమే పంచాయతీ ఆస్తుల రక్షణకు ఆంధ్రప్రదేశ్‌లో నియమములు వెలువడినవి. కనుక అధికారము లేదని సర్పంచులు చెప్పుటకు వీలులేదు. హద్దు ఎక్కడో చూపలేకపోవుటయే అసలు చిక్కు.

మొదట పంచాయతీ తీర్మానము చేసి, సర్వే నంబరు, విస్తీర్ణము, ఆక్రమణ ఉన్న దిక్కు వ్రాసి తహసీల్దారుకు పంపవలెను. "చెరువు ఆక్రమణకు గురియైనది" అని మాత్రమే వ్రాసిన అర్జీ బల్లమీదనే ఉండిపోవును. అడంగల్ నకలు, క్షేత్రపటము నకలు జతచేసిన పని త్వరగా సాగును. కొలతకు వేసవియే తగిన కాలము. పైరుమీద గొలుసు లాగిన తగవు వచ్చును, చెరువులో నీరున్న కొలువనే రాదు. పక్క పట్టాదారులకు ముందుగా నోటీసు అందవలెను. వారు లేనప్పుడు నాటిన రాయి ఒక్క కారు కూడ నిలువదు. 1923 నాటి సర్వే సరిహద్దుల చట్టము ప్రకారము తమ హద్దులలోని సర్వే రాళ్ళను కాపాడు బాధ్యత పట్టాదారులదేనని కొలతనాడే అందరి ఎదుట చెప్పుట మంచిది.

పాత పటములలో కొలతలు గొలుసులలోను లింకులలోను ఉండును. నేటి యంత్రములు మీటర్లలో చూపును. ఒక గొలుసు సుమారు 20.12 మీటర్లు. ఈ లెక్క తెలిసిన గ్రామస్థుడు ఒకరైనను దగ్గర ఉండిన అనుమానములు తగ్గును. ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబరులో రీసర్వే ప్రారంభమైనది. అది జరుగు గ్రామములలో తమ చేని హద్దు చూపుటకు ప్రతి రైతు పోవును, వంక హద్దు చూపుటకు ఎవరును పోరు! అది పంచాయతీ పని.

కొలతలో భూమి పట్టాదారునిదే అని తేలవచ్చును. అప్పుడు పంచాయతీ ఒప్పుకొని తీరవలెను. ఆక్రమణ అని తేలినను వెంటనే గెనిమ తెగగొట్టరాదు. 1905 నాటి భూ ఆక్రమణ చట్టము 7వ సెక్షను క్రింద ముందు నోటీసు ఇచ్చి సమాధానము వినవలెను. శివాయి జమా కట్టిన రశీదులు చూపి హక్కు అడుగువారు కలరు. ఆ రశీదు అనుభవించినందుకు కట్టిన సొమ్ముకు గుర్తే గాని పట్టా కాదు. చెరువు గర్భము, వాగు, వంక పోరంబోకులను పట్టాకిచ్చుటను 15వ బోర్డు స్టాండింగు ఆర్డరు నిషేధించుచున్నది.

ఒక్క మాట. రెండు సెంట్లలో గుడిసె వేసుకొన్న పేదవానిపై మొదట నోటీసు పంపి, రెండెకరముల వంకను కలుపుకొన్న ఆసామిని వదలుట తగదు. పెద్ద ఆక్రమణతోనే మొదలుపెట్టవలెను.

రాళ్ళు నాటిన తరువాత భూమిని ఖాళీగా ఉంచరాదు. హద్దు వెంబడి కందకము తీసి, కట్టపై కిత్తనార, లోపల కానుగ, వేప నాటవలెను. మేతబీటిలో స్టైలో విత్తనము చల్లి, మొలకలు నిలదొక్కుకొనువరకు పశువులను తోలరాదు. గుంటలు వేసవిలోనే త్రవ్వి ఉంచుకొనిన మొదటి వానకు మొక్కలు నాటవచ్చును.