పాఠం 16: ఖరగ్‌పూర్ నుంచి కోల్‌కతాకు ఒక పగటి ప్రయాణం

16.0 ఈ పాఠం గురించి

మీరు ఇంతకు ముందు పాఠాల్లో తీర్థయాత్రల గురించి చదివారు. ఈ పాఠంలో గుడి లేదు, పుణ్యనది లేదు అని చెప్పలేం గాని (హుగ్లీ నది గంగే కదా), మనం వెళ్ళేది ఆ పని మీద కాదు. ఉదయం రైలెక్కి, ఒక నగరంలో ఫుట్‌బాల్‌కీ సంగీతానికీ పేరుపడ్డ చోట్లు చూసి, రాత్రికి ఇల్లు చేరాలి. పాఠం చదివాక ఒక్క రోజు ప్రయాణానికి పథకం ఎలా వేసుకోవాలో, చూసిన చోటును దాని చరిత్రతో కలిపి ఎలా వర్ణించాలో మీరు రాయగలుగుతారు. కోల్‌కతా పటం ఒకటి దగ్గర పెట్టుకొని చదివితే మంచిది. పాత సంఘటనలు చెప్పేటప్పుడు అప్పటి పేరు కలకత్తా అనే వాడాం. పేరు మారింది 2001లో.

16.1 బయలుదేరే చోటు

ఖరగ్‌పూర్‌నే ఎందుకు ఎంచుకున్నాం? బెంగాల్ నాగపూర్ రైల్వే వాళ్ళు అక్కడ పెద్ద వర్క్‌షాపు, కాలనీ కట్టిన నాటినుంచి శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం వైపు నుంచి వేలాది కుటుంబాలు ఉద్యోగాలకోసం వెళ్ళి స్థిరపడ్డాయి. ఈనాటికీ ఆ ఊళ్ళో తెలుగు వినపడని వీధి తక్కువ. మీ బంధువులెవరో ఒకరు అక్కడ ఉండే ఉంటారు. లేకపోయినా పరవాలేదు, హౌరా మెయిలు మార్గంలో ఖరగ్‌పూర్ ఎలాగూ తగులుతుంది.

అక్కడినుంచి హౌరా సుమారు 115 కిలోమీటర్లు. అన్ని స్టేషన్లలో ఆగే లోకల్ బండికి రెండున్నర గంటలు దాటుతుంది. తెల్లవారుజామున అయిదు గంటల ప్రాంతంలో బయలుదేరితే మంచిది. రానుపోను టికెట్టు ఒకేసారి కొనుక్కోండి, సాయంత్రం హౌరాలో వరసలో నిలబడే బాధ తప్పుతుంది. పాంస్‌కురా దాటాక పూలబుట్టలు ఎక్కుతాయి. కోలాఘాట్ దగ్గర రూప్‌నారాయణ్ నది మీద వంతెన వస్తుంది. కిటికీ పక్కన చోటు దొరికితే అక్కడ నిద్రపోకండి. ఆ నదిలో దొరికే ఇలిశ్ చేపకు బెంగాల్ అంతటా పేరుంది. మన గోదావరి జిల్లాలవారు పులస అని పిలిచేది ఈ జాతి చేపనే. ఈ చేపతో మనకు మళ్ళీ పని పడుతుంది, గుర్తుంచుకోండి.

ఆగి లెక్క కట్టండి: బండి 115 కిలోమీటర్లు 2 గంటల 40 నిమిషాల్లో వెళ్ళింది. సగటు వేగం గంటకు ఎంత? (జవాబు పాఠం చివర.)

16.2 మైదాన్

హౌరా స్టేషన్ బయటికి రాగానే ఎదురుగా లాంచీల రేవు ఉంటుంది. బస్సు కంటే లాంచీ నయం. రద్దీ రోడ్డు తప్పుతుంది, 1943లో వాడుకలోకి వచ్చిన హౌరా వంతెన పూర్తిగా కనిపిస్తుంది. బాబూఘాట్‌లో దిగి తూర్పుగా కొద్ది దూరం నడిస్తే ఈడెన్ గార్డెన్స్ వస్తుంది. దాన్ని అందరూ క్రికెట్ కోసం చూస్తారు. మనం దాని ఎదుట ఉన్న ఒక విగ్రహం దగ్గర ఆగుదాం. బంతితో నిలబడ్డ ఆ మనిషి గోష్ఠ పాల్, మోహన్ బగాన్ జట్టు రక్షక ఆటగాడు. ఆయన్ని దాటి బంతి పోదని జనం చైనా గోడ అని పిలిచేవారు. 1962లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఆ వీధికీ ఆయన పేరే.

ఇక్కడినుంచి మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్, మహమ్మడన్ స్పోర్టింగ్ అనే మూడు క్లబ్బుల ఆటస్థలాలూ నడక దూరంలోనే ఉన్నాయి. పెద్ద పెద్ద కట్టడాలు ఊహించుకొని వెళ్ళినవారు నిరాశపడతారు. మైదాన్ భూమి సైన్యం అధీనంలో ఉంది. అందుచేత క్లబ్బులు తమ ఇష్టం వచ్చినట్టు కట్టుకోలేదు. కంచె, గ్యాలరీ, పచ్చిక, ఒక చిన్న క్లబ్ భవనం, అంతే. కాని ఇక్కడ జరిగినదాన్ని చూసి ఈ చోటును కొలవాలి.

1911 జూలై 29. ఐ.ఎఫ్.ఏ. షీల్డ్ ఫైనల్. ఒకవైపు ఈస్ట్ యార్క్‌షైర్ రెజిమెంట్ అనే బ్రిటిష్ సైనిక జట్టు. రెండోవైపు 1889లో పుట్టిన మోహన్ బగాన్. ఈ జట్టు పదకొండుమందిలో సుధీర్ చటర్జీ ఒక్కడికే కాళ్ళకు బూట్లు ఉన్నాయి. మిగిలిన పదిమందీ ఉత్త కాళ్ళతో ఆడారు. ఆరేళ్ళ కిందట, 1905లో, ప్రభుత్వం బెంగాల్‌ను రెండుగా చీల్చింది. ఆ కోపం ఇంకా చల్లారలేదు. జనం చుట్టుపక్కల జిల్లాలనుంచి ప్రత్యేక రైళ్ళలో, స్టీమర్లలో వచ్చారు. అంటే, ఫుట్‌బాల్ కోసం రైలెక్కి కలకత్తా రావడం మనతో మొదలు కాలేదు. ఆట కనపడనంత వెనక నిలబడ్డ వాళ్ళకోసం గాలిపటాల మీద గోళ్ళ లెక్క రాసి ఎగరేశారు.

మొదటి గోలు సైనికులే వేశారు. ఆట ముగియడానికి కొద్ది నిమిషాలు ఉందనగా కెప్టెన్ శివదాస్ భాదురి సమం చేశాడు. ఆ వెంటనే అభిలాష్ ఘోష్ రెండో గోలు వేశాడు. 2-1. షీల్డ్ గెలిచిన మొదటి భారతీయ జట్టు అదే. అదే ఏడాది డిసెంబరు 12న బెంగాల్ విభజనను రద్దు చేస్తున్నట్టూ, రాజధానిని ఢిల్లీకి మారుస్తున్నట్టూ ప్రకటన వచ్చింది. ఫుట్‌బాల్ గెలుపు వల్లే ఇదంతా జరిగిందని కొందరు ఉత్సాహంగా చెబుతారు. ఆ మాట నమ్మనక్కరలేదు. ఉత్త కాళ్ళవాళ్ళు బూట్లవాళ్ళను ఓడించారన్నది చాలు, దానికి ఇంకేదీ అతికించవద్దు.

16.3 నువ్వు ఎవరి జట్టు?

ఈస్ట్ బెంగాల్ క్లబ్ 1920 ఆగస్టు 1న పుట్టింది. తూర్పు బెంగాల్ నుంచి వచ్చిన ఆటగాడిని ఒక మ్యాచ్‌లో పక్కన పెట్టారన్న కోపం ఆ పుట్టుకకు కారణం. 1947 తరువాత ఇల్లూ పొలమూ వదిలి సరిహద్దు దాటి వచ్చిన లక్షలమందికి ఆ పేరే ఒక ఊరు అయింది. పశ్చిమ బెంగాల్ పాతకాపులు మోహన్ బగాన్, తూర్పునుంచి వచ్చినవాళ్ళు ఈస్ట్ బెంగాల్ అని ఇళ్ళకు ఇళ్ళే విడిపోయాయి. ఈస్ట్ బెంగాల్ గెలిస్తే ఇలిశ్ చేప, మోహన్ బగాన్ గెలిస్తే రొయ్యలు వండుకుంటారు. మహమ్మడన్ స్పోర్టింగ్ 1934లో కలకత్తా లీగ్ గెలిచింది. అంతకు ముందు ఏ భారతీయ జట్టూ ఆ లీగ్ గెలవలేదు. అక్కడినుంచి 1938 దాకా వరసగా అయిదుసార్లు గెలిచింది.

మరి ఖరగ్‌పూర్ రైల్వే క్వార్టర్లలో పెరిగిన తెలుగు పిల్లవాడు ఏ జట్టు? ఇటూ కాదు, అటూ కాదు. తోటి పిల్లలు అడిగినప్పుడు చాలామంది ఇరుకున పడి ఉంటారు. వాళ్ళకు ఒక సమాధానం ఉంది. ఈస్ట్ బెంగాల్ 1949, 1950, 1951లో వరసగా మూడుసార్లు షీల్డ్ గెలిచినప్పుడు ముందువరసలో ఆడిన వెంకటేశ్, అప్పారావు, ధనరాజ్, అహమ్మద్ ఖాన్, సాలే అనే అయిదుగురూ దక్షిణాది నుంచి వచ్చినవారే. బెంగాలీలు వాళ్ళను పంచపాండవులు అన్నారు. తరువాత సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం వచ్చాడు. 1961లో ఆయన ఈస్ట్ బెంగాల్‌కు కెప్టెన్. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో బంగారు పతకం గెలిచిన భారత జట్టులో ఉన్నాడు. ఆ జట్టుకు శిక్షకుడు హైదరాబాదుకు చెందిన సయ్యద్ అబ్దుల్ రహీం. బలరాం చివరికి ఆడింది బెంగాల్ నాగపూర్ రైల్వే జట్టుకు. ఆట మానేసినా ఆయన బెంగాల్‌లోనే ఉండిపోయి, 2023లో కన్నుమూశాడు.

రైల్వే జట్ల మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. 1958లో ఈస్టర్న్ రైల్వే కలకత్తా లీగ్ గెలిచింది. ఆ తరువాత మూడు పెద్ద క్లబ్బులు కాని జట్టు ఆ లీగ్ గెలవడానికి 2019 దాకా పట్టింది.

వెనక్కి నడిచి మళ్ళీ ఈడెన్ గార్డెన్స్ ముందుకు రండి. 1977 సెప్టెంబరులో పెలే ఇక్కడే మోహన్ బగాన్ మీద ఆడాడు. ఆట 2-2తో సమమైంది. కాని అంతకంటే తెలుసుకోవలసిన తేదీ 1980 ఆగస్టు 16. మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ ఆడుతుండగా గ్యాలరీలో గొడవ మొదలై తొక్కిసలాట జరిగింది. 16 మంది చనిపోయారు. ఆట చూడడానికి వెళ్ళినవాళ్ళు ఆ సాయంత్రం రైళ్ళలో తిరిగి రాలేదు. ఏటా ఆ తేదీన నగరంలో ఫుట్‌బాల్ అభిమానుల రోజు పాటిస్తారు, రక్తదానం చేస్తారు. పక్కవాడి చొక్కా రంగు వేరు అయినంతమాత్రాన ప్రాణం మీదికి రావచ్చా అన్నది ఆ ఇళ్ళవాళ్ళు అడిగిన ప్రశ్న.

ఇక్కడ ఏదైనా తినండి. మైదాన్ అంచున అమ్మే ఝాల్ ముడి మన విశాఖ బీచిలోని ముంత మసాలాకు దగ్గర బంధువు, ఆవనూనె వాసన ఒక్కటే తేడా.

16.4 జొడాసాంకో ఇల్లు

ఎస్‌ప్లనేడ్‌లో మెట్రో ఎక్కి ఉత్తరానికి వెళితే గిరీశ్ పార్క్ నాలుగో స్టేషన్. దేశంలో మొదటి మెట్రో 1984 అక్టోబరులో ఈ ఎస్‌ప్లనేడ్ నుంచే నడిచింది. గిరీశ్ పార్క్‌లో దిగి కొంచెం నడిస్తే ఠాగూర్ కుటుంబం ఇల్లు. రవీంద్రనాథుడు 1861లో పుట్టింది, 1941 ఆగస్టు 7న కన్నుమూసింది ఈ ఇంట్లోనే. ఇప్పుడిది రవీంద్ర భారతి విశ్వవిద్యాలయం మ్యూజియం. వారంలో ఒకరోజు సెలవు ఉంటుంది, ముందే కనుక్కోండి. నేను మొదటిసారి కనుక్కోకుండా వెళ్ళి, గేటు ఊచల్లోంచి ఎర్ర గోడలు చూసి వచ్చాను.

రవీంద్రుడు రెండువేలకు పైగా పాటలు కట్టాడు. అందులో ఒకటి మీకు చిన్నప్పటినుంచీ నోటికి వచ్చు. జనగణమన మొదటిసారి పాడింది 1911 డిసెంబరు 27న, కలకత్తా కాంగ్రెసు సభలో. ఏడాది గమనించారా? షీల్డ్ గెలిచిన అయిదు నెలలకు. అదే పాటకు రవీంద్రుడు ఇంగ్లీషు అనువాదం చేసింది 1919లో మన మదనపల్లెలో, దివ్యజ్ఞాన కళాశాలలో అతిథిగా ఉన్నప్పుడు. అక్కడే మార్గరెట్ కజిన్స్ ఆ పాట స్వరాన్ని కాగితం మీదికి ఎక్కించింది. మదనపల్లెవాళ్ళకు ఈ సంగతి తెలుసు, మిగతావాళ్ళకు తెలియదు.

16.5 చిత్‌పూర్ రోడ్డు

ఆ ఇంటి ముందునుంచి దక్షిణంగా పోయే రవీంద్ర సరణిని పాతవాళ్ళు చిత్‌పూర్ రోడ్డు అంటారు. కాళ్ళలో ఓపిక ఉంటే లాల్‌బజార్ దాకా నడవండి. సుమారు రెండు కిలోమీటర్లు. చివరన వరసగా వాద్యాల దుకాణాలు కనిపిస్తాయి. సితార్లు, తబలాలు, వయొలిన్లు, హార్మోనియాలు. కూర్చొని చేత్తో తిత్తి కొడుతూ వాయించే హార్మోనియాన్ని 1875లో ఈ నగరంలోనే ద్వారకానాథ్ ఘోష్ తయారుచేశాడని చెబుతారు. అది లేకుండా మన పద్యనాటకాన్ని ఊహించండి! రాగం తీసే నటుడు ఎవరి ఆసరాతో నిలబడేవాడు?

ఈ చిత్‌పూర్ ప్రాంతంలోనే గాయని గౌహర్ జాన్ ఉండేది. 1902 నవంబరులో గ్రామఫోన్ కంపెనీ కలకత్తాలో చేసిన తొలి రికార్డింగుల్లో ఆమెవి ఉన్నాయి. గంటసేపు పాడే రాగాన్ని మూడు నిమిషాలకు కుదించాలి. పాట చివర ఆమె తన పేరు ఇంగ్లీషులో గట్టిగా చెప్పేది. గొప్పకోసం కాదు. రికార్డులు అచ్చయ్యేది జర్మనీలోని హానోవర్‌లో. ఏ పాట ఎవరిదో అక్కడి పనివాళ్ళకు తెలియడానికి అదే గుర్తు. 1908లో సియాల్దాలో కర్మాగారం వచ్చాక ఇక్కడే అచ్చు వేయడం మొదలైంది.

16.6 తిరుగు ప్రయాణం

మూడు గంటలకు లాల్‌బజార్ చేరితే ఇంకొక చోటు చూడవచ్చు. దాటితే వద్దు. ఎస్‌ప్లనేడ్ నుంచి తూర్పుకు పోయే మెట్రోలో సాల్ట్ లేక్ స్టేడియం స్టేషన్ ఉంది. 1984లో తెరిచిన ఆ స్టేడియంలో 1997 జూలై 13న ఫెడరేషన్ కప్ సెమీఫైనల్ చూడడానికి 1,31,781 మంది వచ్చారు. ఈస్ట్ బెంగాల్ 4-1తో గెలిచింది, భైచుంగ్ భుటియా మూడు గోళ్ళు వేశాడు. 2017 ప్రపంచ పోటీల కోసం కుర్చీలు వేశాక అంతమంది పట్టరు.

హౌరాకు కూడా అదే మార్గం. ఈ మెట్రోలో 2024 మార్చిలో మొదలైన భాగం నది అడుగున సొరంగంలోంచి పోతుంది. పొద్దున లాంచీలో దాటిన నదిని ఇప్పుడు ముప్పావు నిమిషంలో దాటేస్తారు. నీళ్ళు కనపడవు. సాయంత్రం అయిదు తరువాత లోకల్ బండ్లలో ఆఫీసులవాళ్ళు కిక్కిరిసి ఉంటారు, బాగ్‌నాన్ దాకా నిలబడడానికి సిద్ధపడండి. చివరి బండి వేళ పొద్దున దిగినప్పుడే రాసిపెట్టుకోండి.

16.7 మీ అభ్యాసానికి

1. 1911లో జరిగిన మూడు సంఘటనలను తేదీలతో రాయండి.
2. గౌహర్ జాన్ పాట చివర పేరు ఎందుకు చెప్పేది? రెండు వాక్యాల్లో రాయండి.
3. మీ ఊరి స్టేషన్ నుంచి మూడు గంటల లోపు దూరంలో ఉన్న ఊరిని ఎంచుకొని, అక్కడి ఆటస్థలం ఒకటి, పాటకో నాటకానికో పేరుపడ్డ చోటు ఒకటి చూసి రాత్రికి తిరిగి వచ్చేలా పథకం వేయండి. బండి వేళలు స్టేషన్‌కు వెళ్ళి బోర్డు చూసి రాయండి, ఊహించి రాయవద్దు.

16.1లోని లెక్కకు జవాబు: గంటకు సుమారు 43 కిలోమీటర్లు.