చెరువు శిఖములోని ఇసుక మేటలు - వాటిపై బ్రతుకు ప్రాణులు

నల్లగొండ, మహబూబ్‌నగర్ మెట్ట ప్రాంతములలో చెరువు అనగానే మనకు కట్ట, తూము, మత్తడి తోచును. కట్టకు ఎదురుగా, వాగు వచ్చి కలియు వైపున ఉండు ఇసుక మేటలను, శిఖము అంచులను పనికిరాని చోటుగా చూచుట వాడుక. కాని చెరువును పూడిపోకుండ, దాపునగల పైరును చీడల పాలు కాకుండ కొంతవరకు కాపాడునది ఆ చోటే.

మేట ఏర్పడు తీరు: చలక నేలల మీదుగా వేగముగా వచ్చు వాగు నీరు చెరువులో చేరగానే నెమ్మదించును. బరువైన ఇసుక మొదటనే దిగును. సన్నని ఒండ్రు ముందుకు సాగి కట్ట దాపున దిగును. పులికాట్ సరస్సుకు, సముద్రమునకు నడుమనున్న శ్రీహరికోట ఇసుక దిబ్బలను అలలు, గాలి పోగుచేసినవి. మన చెరువులలో ఆ పని వాగు చేయును. ఇందువలన ఒకే చెరువులో ఎండిన ఇసుక, తడి బురద, తుంగ, జమ్ము పెరుగు పలుచని నీరు, లోతు నీరు అను నాలుగు రకముల నివాసములు కలుగును.

అచ్చటి ప్రాణులు: తీతువు పిట్ట గూడు అల్లదు. వేసవిలో బోడి నేలపై చిన్న గుంటలో గుడ్లు పెట్టును. గుడ్ల రంగు గులకరాళ్లలో కలిసిపోవుటచే తొక్కువరకు మనకు కనబడవు. ఇది నేలమీది పురుగులను తిని బ్రతుకును. వాగు కోసిన నిలువు ఒడ్డులో ఆకుపచ్చని పసిరిక పిట్ట బొరియ తవ్వును. చెరువు ఎండినప్పుడు తాబేలు బురదలో పూడుకొని వానల కొరకు వేచియుండును. నల్లతుమ్మలపై గూళ్లు కట్టు కొంగలు నాగలి వెంట నడచి పురుగులను ఏరి తినును. వేరుశనగ, ఆముదములను పాడుచేయు ఎర్ర గొంగళి పురుగు కోశములు మట్టిలో దాగియుండును. వేసవి దుక్కిలో అవి బయటపడినపుడు కొంగలు, గోరింకలు, కాకులు వాటిని తినును.

ఈ పక్షుల వలన నష్టమే లేదనుట సరికాదు. కొంగలు, నీటికాకులు చేపపిల్లలను తినును. వేలెడు పొడవు పెరిగిన పిల్లలనే చెరువులో వదలినచో ఈ నష్టము తగ్గును.

రైతులు గమనించవలసినవి:

1. 2015లో మిషన్ కాకతీయ మొదలైన తరువాత చెరువు ఒండ్రు ఎన్నో చలకలకు చేరినది. అది మేలైన పనియే. అయితే ఒండ్రును కట్ట వైపు నుండి తీయవలెను. వాగు మూతి వద్ద ఇసుకను తోడరాదు. తోడినచో వాగు లోతుగా కోసుకొని, ఒడ్లు కూలి, ఆ మట్టియే చెరువులో దిగును. దాపు బావులకు ఊట కూడ తగ్గును.

2. శిఖమును నీటి అంచువరకు దున్నరాదు. గరిక, తుంగ గల పట్టీని విడువవలెను. అది వాన నీటిని నెమ్మదింపజేసి మట్టిని ఆపును.

3. సర్కారు తుమ్మను వేళ్లతో తీసివేసి, నల్లతుమ్మను ఉంచవలెను.

4. తీతువు అరచుచు తలపై తిరిగినచో దాపున గుడ్లున్నవని తెలిసికొని బండిని, ట్రాక్టరును ప్రక్కకు మళ్లించవలెను. పూడిక తీతలో తాబేలు దొరికినచో నీరున్న మడుగులో విడువవలెను. తాబేళ్లను పట్టుట 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ప్రకారము నేరము.

5. నీటి అంచున పురుగుమందు చల్లరాదు, డబ్బాలు కడుగరాదు. ఆ విషము కప్పలను, చేపలను చంపును. పశువులు త్రాగునదియు ఆ నీరే.

ఈ పనులకు ఖర్చు లేదు. ఊరివారందరు కలిసి, పూడిక తీయుటకు ముందే విడువవలసిన చోటికి హద్దురాళ్లు పాతుకొనిన చాలును. చెరువు చాలకాలము నిండును, ఆయకట్టు పండును.