అసలు కంటే వడ్డీ ముద్దు – ఎవరికి?



ఈ ఏడాది ఎనిమిదో తరగతికి లేఖారచన చెబుతూ, కాగితం మీద ఒక పక్క ప్రస్తుత చిరునామా, ఇంకో పక్క శాశ్వత చిరునామా రాయమన్నాను. ప్రస్తుత చిరునామా అందరూ చకచకా రాసేశారు. వాట్‌గంజ్, ఖిదిర్‌పూర్, హేస్టింగ్స్, గార్డెన్ రీచ్. శాశ్వత చిరునామా దగ్గరికి వచ్చేసరికి చాలామంది కలాలు ఆగిపోయాయి. ఒక అమ్మాయి లేచి, "మేడమ్, మా నాన్నగారు రాజమండ్రిలో ఫ్లాట్ కొన్నారు. మేము అందులో ఒక్క రోజు కూడా ఉండలేదు. అది ఇంకా బ్యాంకువాళ్లదేనని అమ్మ అంటుంది. ఆ చిరునామా రాయొచ్చా?" అని అడిగింది.

రాయొచ్చని చెప్పాను. కానీ ఆ ఇల్లు ఎవరిది, ఎప్పటికి పూర్తిగా వాళ్లదవుతుంది, అప్పటికి దానికి ఎంత ఖర్చవుతుంది అన్న ప్రశ్నలు మిగిలిపోయాయి. బదిలీల మీద తిరిగే మన ఇళ్లలో చాలావాటికి ఈ ప్రశ్నలు ఉన్నాయి. అందుకే ఈసారి పత్రికకు పద్యమో కథో కాకుండా ఒక లెక్కల పాఠం రాస్తున్నాను. భయపడకండి, ఇందులో కూడిక, గుణకారం, శాతం తప్ప ఏమీ లేవు.

మొదట మాటలు తెలుసుకుందాం

అప్పుగా తీసుకున్న సొమ్మును 'అసలు' అంటాం. ఇది అరబ్బీ నుంచి వచ్చిన మాట. మన వీధి చివర దుకాణంలో బెంగాలీవాళ్లు 'ఆశోల్' అనేదీ ఇదే. దాని మీద అదనంగా కట్టేది 'వడ్డీ'. మీరు ప్రకృతి–వికృతులు చదివారు కదా! 'వృద్ధి' ప్రకృతి, 'వడ్డి' వికృతి. వృద్ధి అంటే పెరగడం. పేరులోనే దాని స్వభావం ఉంది. విడతలుగా కట్టే సొమ్ము 'వాయిదా' లేదా 'కిస్తీ'. ఇక్కడివాళ్లకూ అది కిస్తీయే. బ్యాంకువాళ్లు దాన్నే ఈఎంఐ అంటారు.

ఇంటి కాగితాలు హామీగా పెట్టి అప్పు తీసుకోవడం 'తనఖా'. ఇల్లు మీ పేరు మీదే ఉంటుంది. అందులో ఉండే హక్కు మీదే. అప్పు తీరేదాకా కాగితాలు మాత్రం బ్యాంకు దగ్గర ఉంటాయి. వాయిదాలు కట్టకపోతే ఆ ఇల్లు అమ్మి బాకీ రాబట్టుకునే హక్కు బ్యాంకుకు ఉంటుంది. కాబట్టి ఆ అమ్మాయి తల్లి అన్న మాటలో కొంత నిజం ఉంది.

తిరుమల వెంకటేశ్వరస్వామిని 'వడ్డీకాసులవాడు' అంటారు. పెళ్లికి కుబేరుడి దగ్గర అప్పు చేసి, కలియుగం చివరిదాకా వడ్డీ కడుతూనే ఉంటాడని కథ. అసలు తగ్గకుండా వడ్డీ మాత్రమే కడుతూ పోతే అప్పు ఎన్నటికీ తీరదని ఆ కథ పిల్లలకు కూడా అర్థమయ్యేలా చెబుతుంది.

20 లక్షల అప్పుకు ఎంత కడతాం?

ఒక కుటుంబం 20 లక్షల రూపాయలు, ఏడాదికి 9 శాతం వడ్డీకి, 20 సంవత్సరాల గడువుతో తీసుకుందనుకోండి. నెలకు వాయిదా సుమారు 17,995 రూపాయలు. ఇంట్లో అందరూ ఈ ఒక్క అంకెనే గుర్తుపెట్టుకుంటారు. జీతంలో ఇది ఇమిడితే చాలనుకుంటారు.

ఇప్పుడు 17,995ను 240 నెలలతో గుణించండి. దాదాపు 43 లక్షల 19 వేలు వస్తుంది. తీసుకున్నది 20 లక్షలు, కట్టేది 43 లక్షలు. అంటే వడ్డీయే 23 లక్షలు దాటింది. అసలు కంటే వడ్డీ ఎక్కువ!

ఇది మోసమేమీ కాదు. లెక్క ఎలా నడుస్తుందో చూడండి. 9 శాతాన్ని 12తో భాగిస్తే నెలకు 0.75 శాతం. మొదటి నెల 20 లక్షల మీద వడ్డీ 15,000. కట్టిన 17,995లో అది పోగా అసలుకు జమయ్యేది 2,995 మాత్రమే. రెండో నెల బాకీ 19,97,005. దాని మీద వడ్డీ 14,978. అసలుకు జమ 3,017. నెలనెలా వడ్డీ కాస్త కాస్త తగ్గుతుంది, అసలుకు వెళ్లేది కాస్త కాస్త పెరుగుతుంది. కానీ ఆ మార్పు చాలా నెమ్మది.

అయిదేళ్లు క్రమం తప్పకుండా కడితే మొత్తం దాదాపు 10 లక్షల 80 వేలు కట్టినట్టు. అందులో అసలు తగ్గింది సుమారు 2 లక్షల 26 వేలే. పదేళ్లు పూర్తయ్యేసరికి గడువు సగం అయిపోతుంది, బాకీ మాత్రం ఇంకా 14 లక్షల 20 వేలు ఉంటుంది. వాయిదాలో అసలుకు వెళ్లే భాగం వడ్డీ భాగాన్ని దాటేది 149వ నెలలో, అంటే పదమూడో ఏట. మొదటి వాయిదా కట్టినప్పుడు ఒకటో తరగతిలో చేరిన పిల్లవాడు అప్పటికి ఇంటర్ పూర్తిచేసి కాలేజీలో ఉంటాడు.

గడువును బట్టి మారే ఖర్చు

అదే 20 లక్షలు, అదే 9 శాతం. గడువు మాత్రం మారుద్దాం.

15 ఏళ్లు: వాయిదా 20,285. మొత్తం వడ్డీ సుమారు 16 లక్షల 51 వేలు.
20 ఏళ్లు: వాయిదా 17,995. మొత్తం వడ్డీ సుమారు 23 లక్షల 19 వేలు.
30 ఏళ్లు: వాయిదా 16,092. మొత్తం వడ్డీ సుమారు 37 లక్షల 93 వేలు.

20 ఏళ్ల నుంచి 30 ఏళ్లకు పెంచితే నెలకు మిగిలేది 1,903 రూపాయలు. దాని కోసం అదనంగా కట్టే వడ్డీ 14 లక్షల 74 వేలు. వాయిదా చిన్నదైనంత మాత్రాన అప్పు చౌక అయిపోదు. ఈ పాఠంలో గుర్తుపెట్టుకోవాల్సింది ఒక్కటుంటే ఇదే: నెలకు ఎంత అని మాత్రమే కాదు, ఎన్ని నెలలు అని కూడా అడగాలి.

నేను చేసిన పొరపాటు

ఇది పుస్తకంలో చూసి చెబుతున్నది కాదు. నేనూ 2021లో విశాఖ శివార్లలో రెండు గదుల ఫ్లాట్‌కు అప్పు తీసుకున్నాను. గడువు 20 ఏళ్లు, మారే వడ్డీ. 'మారే' అన్న మాటను చదివాను గానీ పట్టించుకోలేదు. ఆ తర్వాత రెండు చోట్లకు బదిలీ అయింది. నెలనెలా జీతంలోంచి అదే వాయిదా పోతోంది కదా, అంతా సవ్యంగానే ఉందనుకున్నాను.

2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రిజర్వు బ్యాంకు రెపో రేటు 4 శాతం నుంచి 6.5 శాతానికి పెరిగింది. బ్యాంకుల వడ్డీలూ పెరిగాయి. 2023 వేసవి సెలవుల్లో ఖాతా వివరాలు తీసి చూశాను. వాయిదా మారలేదు. ఇంకా 18 ఏళ్లు ఉండాల్సిన గడువు మాత్రం 28 ఏళ్లయింది. నా పదవీ విరమణ దాటిపోయింది! ఉత్తరం పాత ఊరి చిరునామాకు వెళ్లి ఉంటుందని చెప్పారు. కొత్త చిరునామా ఇవ్వకపోవడం నా తప్పు. రెండేళ్లు చూసుకోకపోవడం అంతకంటే పెద్ద తప్పు.

ఇలా ఎందుకవుతుందో ఒక ఉదాహరణ చూడండి. 20 లక్షలకు 7 శాతం చొప్పున 20 ఏళ్లకు వాయిదా 15,506. వడ్డీ 9.5 శాతానికి పెరిగితే, బాకీ ఇంకా 20 లక్షలే ఉన్నప్పుడు నెల వడ్డీయే 15,833. వాయిదా మొత్తం కట్టినా వడ్డీకే చాలదు, అప్పు తరగకపోగా పెరుగుతుంది. వడ్డీకాసులవాడి కథ కంటే ఒక మెట్టు కిందికి దిగినట్టే.

2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు దీనిపై ఆదేశాలిచ్చింది. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత పెంచుకోవాలా అన్నది ఎంచుకునే అవకాశం అప్పు తీసుకున్నవారికి ఇవ్వాలి. మూడు నెలలకోసారి ఎంత అసలు, ఎంత వడ్డీ కట్టారో, ఇంకెన్ని వాయిదాలు మిగిలాయో తెలపాలి. 2024 అక్టోబరు 1 నుంచి కొత్త గృహ రుణాలకు 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' అనే కాగితం కూడా ఇవ్వాలి. ఫీజులన్నీ కలిపితే ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో అందులో ఉంటుంది.

నేను వాయిదా పెంచమని రాసిచ్చాను. గడువు వెనక్కి వచ్చింది. ఆ ఏడాది దసరాకు కొత్త చీర కొనలేదు, అంతే.

ముందుగా కట్టే లక్ష రూపాయలు

మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న గృహ రుణాన్ని గడువుకు ముందే తీర్చితే బ్యాంకులు జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది. ఇది చాలామందికి తెలియదు.

మన మొదటి లెక్కకే వద్దాం. ఏడాది పూర్తయ్యాక చేతికొచ్చిన ఒక లక్ష రూపాయలను అసలుకు కట్టి, వాయిదా మార్చకుండా కొనసాగిస్తే, 27 వాయిదాలకు పైగా తగ్గిపోతాయి. మిగిలే వడ్డీ దాదాపు 3 లక్షల 96 వేలు. అదే లక్ష పదిహేనో ఏట కడితే ఇంత లాభం ఉండదు. మొదట్లో తగ్గిన అసలు మీద మిగిలిన ఏళ్లన్నిటికీ వడ్డీ పడదు కాబట్టి ఇలా జరుగుతుంది. అయితే ఆపదకు దాచుకున్న సొమ్మంతా తీసి కట్టేయకూడదు. ఆసుపత్రి ఖర్చు వస్తే అంతకంటే ఎక్కువ వడ్డీకి అప్పు చేయాల్సి వస్తుంది.

కేంద్ర ఉద్యోగుల ఇంటి అడ్వాన్సు

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకు గృహ నిర్మాణ అడ్వాన్సు అని ఒకటుంది. 2017 నిబంధనల ప్రకారం 34 నెలల మూలవేతనం లేదా 25 లక్షలు, ఏది తక్కువైతే అంతవరకే ఇస్తారు. ఇంటి ధర, తీర్చగల శక్తి కూడా చూస్తారు. దీని ప్రత్యేకత ఏమిటంటే ఇది బారువడ్డీ. ముందు 180 నెలల్లోపు అసలు తీరుస్తారు, తర్వాత 60 నెలల్లోపు వడ్డీ కడతారు.

పోల్చడం కోసం ఇక్కడా 20 లక్షలు, 9 శాతమే అనుకుందాం. నెలకు 11,111 చొప్పున 180 నెలలు అసలు. మొత్తం వడ్డీ సుమారు 13 లక్షల 57 వేలు. దాన్ని 60 నెలలు 22,625 చొప్పున కడతారు. బ్యాంకు లెక్కతో పోలిస్తే 9 లక్షల 60 వేలు తేడా. వడ్డీ శాతం ఒకటే, గడువూ ఒకటే. కట్టిన ప్రతి రూపాయీ ముందు అసలుకు వెళ్లింది, అంతే తేడా.

మన వీధి కథ, మన ఇళ్ల కథ

మనముండే వాట్‌గంజ్‌కు ఆ పేరు కల్నల్ హెన్రీ వాట్సన్ వల్ల వచ్చింది. ఈస్టిండియా కంపెనీలో ఇంజినీరైన ఆయన ఇక్కడ ఓడలు కట్టే యార్డు పెట్టాడు. 1781లో 'నాన్‌సచ్' అనే ఓడ ఇక్కడే నీటిలోకి దిగింది. కానీ ఆ యార్డులో సుమారు 10 లక్షల రూపాయలు పోసి, చివరికి వదులుకోవాల్సి వచ్చిందని పాత చరిత్రలు చెబుతాయి. మొదలుపెట్టడానికి అయ్యే ఖర్చు వేరు, చివరిదాకా నిలబెట్టడానికి అయ్యేది వేరు.

ఇంటికీ అంతే. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్, ఏటా ఇంటిపన్ను, అపార్ట్‌మెంట్ నిర్వహణ, తాళం వేసి ఉన్నా తప్పని మరమ్మతులు ఉంటాయి. బదిలీ కుటుంబాలకు ఇంకొకటి. ఉన్న ఊళ్లో అద్దె కట్టాలి, లేని ఊళ్లో వాయిదా కట్టాలి. క్వార్టర్‌లో ఉంటే ఇంటి అద్దె భత్యం రాదు.

ఇదంతా విని ఇల్లు కొనకూడదనుకోకండి. జీతం పెరిగేకొద్దీ అదే వాయిదా తేలికవుతుంది. అద్దెకిస్తే కొంత తిరిగి వస్తుంది. ఉద్యోగం అయిపోయి క్వార్టర్ ఖాళీ చేసే రోజున తలదాచుకోవడానికి చోటుంటుంది. దానికి వెల కట్టలేం. కానీ కట్టగలిగే వెల ఎంతో తెలుసుకుని కొనడం వేరు, తెలియక కొనడం వేరు.

'అసలు కంటే వడ్డీ ముద్దు' అని మనవళ్లను చూసి తాతయ్యలు, అమ్మమ్మలు అంటారు. ఆ ముద్దు ఇంట్లో ఉంటే అందమే. అప్పులో మాత్రం అది ఇచ్చినవాడికే ముద్దు.

ఆ అమ్మాయి వారం తర్వాత మళ్లీ నా దగ్గరికి వచ్చింది. నాన్నగారితో కూర్చుని ఖాతా కాగితం చదివిందట. వాళ్ల వాయిదాలో అసలు ఏ నెలలో వడ్డీని దాటుతుందో ఇద్దరూ లెక్కవేసి, ఆ నెలను క్యాలెండరు వెనక రాసుకున్నారట. తన కాగితం మీద శాశ్వత చిరునామా గడి నింపి ఇచ్చింది.

అభ్యాసం

1. ఊళ్లో 'రెండు రూపాయల వడ్డీ' అంటే నూటికి నెలకు రెండు రూపాయలు. అది ఏడాదికి ఎంత శాతం? బ్యాంకు 9 శాతంతో పోల్చండి.
2. 10 లక్షల అప్పు, 9 శాతం వడ్డీ. మొదటి నెల వడ్డీ ఎంత? నెల వాయిదా 8,997 అయితే అసలుకు జమయ్యేది ఎంత?
3. 'ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు' అనే సామెతను మీ ఇంట్లో పెద్దలు ఏ సందర్భంలో వాడారో అడిగి అయిదు వాక్యాలు రాయండి.
4. మీ చిరునామా మారిందని తెలుపుతూ బ్యాంకు మేనేజరు గారికి ఒక లేఖ రాయండి. ఇది అమ్మానాన్నలకు నిజంగానే పనికిరావచ్చు.